పరుగూ పుస్తకమూ మూడో వారంలో ఎందుకు ఆగిపోతాయి

జనవరి 1న తెల్లవారుజామున హైదరాబాద్ కేబీఆర్ పార్కు చుట్టూ ఉన్న నడకదారిలో కొత్త బూట్లే కనిపిస్తాయి. ఇంచుమించు అదే రోజుల్లో విజయవాడలో పుస్తక మహోత్సవం జరుగుతుంది, జనం సంచుల నిండా కొనుక్కెళ్తారు. సంక్రాంతి వెళ్లి వారం తిరిగేసరికి పార్కు పలచబడుతుంది, సంచిలో పుస్తకాలు ఇరవయ్యో పేజీ దగ్గర బోర్లా పడుకుంటాయి. ఇంట్లోవాళ్లు దీనికి బద్ధకం అని పేరు పెడతారు. చాలామంది విషయంలో అది నిజం కాదు. పరుగైనా చదువైనా తమ స్థాయికి మించిన వేగంతో మొదలుపెట్టడం వల్లే ఆగిపోతుంది. కాబట్టి ఇక్కడ చెప్పేదంతా నెమ్మదిగా ఎలా మొదలుపెట్టాలన్నదాని గురించే.

ముందు పరుగు. కొత్తగా మొదలుపెట్టినవాళ్లు స్కూల్లో వంద మీటర్ల పందెం పరిగెత్తినట్టు పరిగెత్తుతారు. నాలుగు వందల మీటర్లకే ఆయాసం, డొక్కలో పోటు. ఇది మన ఒంటికి పడదు అని తేల్చేసుకుంటారు. సరైన వేగం తెలుసుకోవడానికి వాచీ అక్కర్లేదు. పరిగెత్తుతూనే ఫోన్లో "అరగంటలో ఇంటికొస్తా, పాలు పొయ్యి మీద పెట్టు, పిల్లాణ్ణి లేపు" అని తడబడకుండా చెప్పగలగాలి. "అరగంటలో" దగ్గరే ఊపిరి తెగిందంటే వేగం ఎక్కువైనట్టు. మొదటి రెండు నెలలు చాలామందికి ఇది కిలోమీటరుకు 8 నుంచి 9 నిమిషాల దగ్గర తేలుతుంది. చురుగ్గా నడిస్తే కిలోమీటరుకు 10 నిమిషాలు పడుతుంది, అంటే తేడా పెద్దగా లేదు. పక్కన నడిచే పెద్దాయన మిమ్మల్ని దాటిపోయినా ఫర్వాలేదు.

వారానికి మూడు రోజులు చాలు, మధ్యలో ఒక్కో రోజు ఖాళీ ఉండాలి. ప్రతిసారీ 5 నిమిషాల నడకతో మొదలుపెట్టి 5 నిమిషాల నడకతో ముగించాలి. మధ్య భాగం మొదటి రెండు వారాలు ఇలా: 1 నిమిషం జాగింగ్, 2 నిమిషాలు నడక, ఇలా 8 సార్లు. తర్వాతి రెండు వారాలు 2 నిమిషాల జాగింగ్, 2 నిమిషాల నడక, 6 సార్లు. ఆ పైన 3 నిమిషాలు పరుగు, 1 నిమిషం నడక, 6 సార్లు. ఏడో వారం నుంచి 5 నిమిషాలు పరుగు, 1 నిమిషం నడక, 4 సార్లు. తొమ్మిది, పది వారాల్లో 10 నిమిషాల చొప్పున రెండు దఫాలు, మధ్యలో నిమిషం నడక. పదకొండో వారానికి 20 నిమిషాలు ఆగకుండా పరిగెత్తగలుగుతారు. ఏ దశైనా కష్టంగా అనిపిస్తే అదే వారాన్ని మళ్లీ చేయండి. మూడో వారంలోకి రాగానే "ఇంత తేలికా" అనిపించి రెండు దశలు ఎగరేయాలని మనసు లాగుతుంది. అసలు ప్రమాదం అక్కడే ఉంది. గుండె, ఊపిరితిత్తులు కొన్ని వారాల్లోనే అలవాటు పడతాయి, ఎముకలకూ, కండరాన్ని ఎముకకు కలిపే స్నాయువులకూ నెలలు పడుతుంది. ఊపిరి సరే అంటుంది, కాలు ఇంకా సిద్ధం కాలేదు.

అలా తొందరపడితే ముందుగా నొప్పి పుట్టేది మోకాలి కింద, ముంగాలి ఎముక లోపలి అంచున. ఆ చోట బొటనవేలితో పైనుంచి కిందికి మెల్లగా నొక్కుకుంటూ రండి. అరచెయ్యంత పొడవునా సలుపుగా ఉంటే అది కండరం ఎముకను పట్టుకున్న చోట వాపు. పరుగు ఆపి వారం రెండు వారాలు నడక, సైకిలుతో సరిపెట్టుకుని, తగ్గాక రెండు దశలు వెనక్కి వెళ్లి మొదలుపెట్టవచ్చు. అలా కాకుండా రూపాయి బిళ్లంత ఒకే చోట చురుక్కుమని, రాత్రి పడుకున్నప్పుడు కూడా నొప్పి ఉంటే అది ఎముకలో సన్నని పగులు కావచ్చు. నొప్పి మాత్ర వేసుకుని పరిగెత్తకుండా ఎముకల డాక్టరు దగ్గరికి వెళ్లాలి. మొదటి రోజుల్లో ఎక్స్‌రేలో ఆ పగులు కనపడకపోవచ్చు కూడా.

పొద్దున మంచం దిగి మొదటి అడుగు వేయగానే మడమలో మేకు గుచ్చినట్టుంటే అది అరికాలి కింద మడమ నుంచి వేళ్ల దాకా పట్టీలా ఉండే కణజాలం నొప్పి. మెట్లు దిగేటప్పుడు మోకాలి చిప్ప చుట్టూ నొప్పి వస్తే తొడ, పిరుదుల కండరాల్లో బలం చాలడం లేదని అనుమానించాలి. ఇలాంటివి రాకుండా వారానికి రెండు రోజులు పది నిమిషాల పని పెట్టుకోండి. మెట్టు అంచున ముందరి పాదం మీద నిలబడి మడమలు ఎత్తి దించడం 15 చొప్పున రెండు సార్లు, కుర్చీలో కూర్చోబోయి లేచినట్టు గుంజీలు 12 చొప్పున రెండు సార్లు. బోరు కొట్టే పనే, అందుకే ఎవరూ చేయరు, అందుకే నొప్పులు.

అడుగు కూడా చూసుకోవాలి. పాదం మోకాలి కంటే బాగా ముందు పడి మడమ నేలకు కొట్టుకుంటోందంటే ప్రతి అడుగుకూ బ్రేకు వేస్తున్నట్టే. 30 సెకన్లలో కుడికాలు ఎన్నిసార్లు నేలను తాకిందో లెక్కపెట్టి నాలుగుతో హెచ్చవేయండి. 36 వస్తే నిమిషానికి 144 అడుగులు, తక్కువ. 40 నుంచి 44 మధ్యకు తెచ్చుకోవాలి. వేగం పెంచకుండా అడుగు పొడవు తగ్గిస్తే చాలు, దానంతటదే వస్తుంది.

బూట్లు సాయంత్రం పూట కొనండి, అప్పటికి పాదం కొంచెం ఉబ్బి ఉంటుంది. పరుగుకు వేసుకునే సాక్సుతోనే వేసి చూడాలి. పొడవైన వేలికీ బూటు కొనకీ మధ్య బొటనవేలి వెడల్పంత జాగా లేకపోతే నెల తిరిగేసరికి గోరు నల్లబడుతుంది. నూలు సాక్సు చెమట పీల్చి తడిగా ఉండిపోతుంది, బొబ్బలు దాని వల్లే. పాలియెస్టర్ లేదా నైలాన్ కలిసినవి మేలు. బూట్ల జత 500 నుంచి 800 కిలోమీటర్ల దాకా వస్తుంది. వారానికి 15 కిలోమీటర్లు పరిగెత్తేవాళ్లకు ఎనిమిది నెలల నుంచి ఏడాది అనుకోండి. పైన కొత్తగా కనిపించినా లోపలి మెత్త చచ్చిపోతుంది. వాషింగ్ మెషీన్లో వేయడం, డాబా మీద మండుటెండలో ఆరబెట్టడం రెండూ జిగురును పాడుచేస్తాయి. తొడలు ఒరుసుకునే చోట, మగవాళ్లకు చొక్కా ఒరుసుకునే చనుమొనల దగ్గర వేసలిన్ రాసుకుంటే మంట ఉండదు.

మన ఎండల సంగతి వేరే చెప్పాలి. రామగుండంలోనూ విజయవాడలోనూ మే నెలలో ఆరున్నరకల్లా పరుగు ముగిసిపోవాలి. విశాఖ, కాకినాడ లాంటి చోట్ల సమస్య ఎండ కంటే ఉక్క. చెమట ఆరితేనే ఒళ్లు చల్లబడుతుంది. గాలిలో తేమ ఎక్కువైతే చెమట కారుతుందే తప్ప ఆరదు. అప్పుడు అదే వేగానికి గుండె ఎక్కువ కొట్టుకుంటుంది. కిలోమీటరుకు అర నిమిషం నుంచి నిమిషం దాకా తగ్గించుకోవడం అవమానమేమీ కాదు. ఒళ్లు వేడికి అలవాటు పడడానికి 10 నుంచి 14 రోజులు పడుతుంది. అమెరికా నుంచి వేసవి సెలవులకు వచ్చి మర్నాడే పాత వేగంతో పరిగెత్తేవాళ్లు ఇది గుర్తుపెట్టుకోవాలి. ఎండలో చలి పుట్టినట్టు రోమాలు నిక్కబొడుచుకుంటే, తల తిరిగితే వెంటనే ఆగి నీడకు చేరి ఒంటి మీద నీళ్లు పోసుకోవాలి. మాట తడబడుతున్నా, అడిగినదానికి పొంతన లేని జవాబు చెబుతున్నా పక్కవాళ్లు 108కి ఫోన్ చేయాలి.

బయల్దేరే ముందు ఒక గ్లాసున్నర నీళ్లు తాగితే 45 నిమిషాల్లోపు పరుగుకు సీసా మోయక్కర్లేదు. వచ్చాక ఉప్పు వేసిన మజ్జిగ చక్కగా సరిపోతుంది. గంట దాటితే మాత్రం లీటరు నీళ్లలో 6 టీ చెంచాల పంచదార, అర టీ చెంచా ఉప్పు, రెండూ చెంచా అంచుకు సమంగా కొలిచి కలుపుకోవాలి. ఉప్పు కొలవకుండా ఎక్కువ వేస్తే మేలుకు బదులు కీడు. షుగరుకు ఇన్సులిన్ గానీ మాత్రలు గానీ వాడేవాళ్లు జేబులో గ్లూకోజ్ ఉంచుకోవాలి. నలభై దాటి బీపీ, షుగర్ ఉన్నవాళ్లు, ఇంట్లో గుండెజబ్బు చరిత్ర ఉన్నవాళ్లు మొదలుపెట్టకముందే డాక్టర్ని కలవాలి. పరుగులో ఛాతీ బరువెక్కితే అక్కడితో ఆపేయాలి.

ఇక కుక్కలు. తెలుగు ఊళ్లలో పరుగు మానేయడానికి అసలు కారణం చాలామందికి ఇదే, ఎవరూ బయటికి చెప్పరు. కుక్క వెంటపడితే పరుగు ఆపి, దానివైపు తిరిగి నిలబడి, నెమ్మదిగా వెనక్కి నడవాలి. పరిగెత్తేదాన్ని తరమడం దాని స్వభావం. కరిస్తే, గీరినా సరే, కారే నీళ్ల కింద సబ్బుతో 15 నిమిషాలు కడిగి అదే రోజు టీకాకు వెళ్లాలి. పసుపు, కారం పెట్టడం లాంటివి వద్దు. రోడ్డు మీద పరిగెత్తేటప్పుడు కుడి పక్కనే ఉండండి, ఎదురొచ్చే బండి కళ్లకు కనిపిస్తుంది. రెండు చెవుల్లోనూ ఇయర్‌ఫోన్లు పెట్టుకోకండి.

చదువుకు వస్తే, పరుగుకు ఉన్న ఖాళీ రోజుల నియమం దీనికి తిరగబడుతుంది. ఎముకకు విరామం కావాలి, కథకు విరామం పనికిరాదు. నాలుగు రోజులు వదిలేస్తే నవల్లో ఎవరు ఎవరి మేనకోడలో మరిచిపోతాం, మరిచిపోయిన పుస్తకాన్ని చేతికి తీసుకోబుద్ధి కాదు. అందుకని చదువు రోజూ ఉండాలి, కానీ కొంచెమే. 20 నిమిషాలు పెట్టుకోండి. మామూలు తెలుగు పుస్తకం పేజీకి ఒకటిన్నర నుంచి రెండు నిమిషాలు పడుతుంది, అంటే పదికి తగ్గకుండా పేజీలు. రోజుకు పది పేజీలంటే ఏడాదికి 3650, రెండు వందల పేజీల పుస్తకాలు 18. "ఏడాదికి వంద పుస్తకాలు" అని పంతం పట్టేవాళ్లు చివరికి సన్నని పుస్తకాలు వెతుక్కుంటారు.

మొదటి పుస్తకంగా కథల సంపుటి తీసుకోవాలని నా సలహా. ఎనిమిది పది పేజీల కథ ఒక్క బిగిన అయిపోతుంది, అయిపోయిందన్న తృప్తి మర్నాడు మళ్లీ కూర్చోబెడుతుంది. ఆ తర్వాత ఆత్మకథ, ఆ తర్వాత నవల. విజయానికి సూత్రాలు చెప్పే పుస్తకం ఒకటి చదివితే చాలు, రెండోది కూడా అదే చెబుతుంది. యాభై పేజీలు ఓపికగా చదివినా పట్టు దొరక్కపోతే నిస్సంకోచంగా పక్కన పెట్టండి. కొన్నాం కదా అని ఈడ్చుకుంటూ పోతే ఆ ఒక్క పుస్తకంతో పాటు అలవాటే పోతుంది.

ఇంగ్లీషు మీడియంలో చదివిన తరానికి ఇంకో ఇబ్బంది ఉంది. తెలుగు మాట్లాడతారు, సినిమా చూస్తారు, పేజీ ముందు పెడితే అక్షరం అక్షరం కూడబలుక్కుంటారు. వత్తుల దగ్గర, "స్త్రీ", "రాష్ట్రం", "ఆర్ద్రత" లాంటి చోట్ల ఆగిపోతారు. తెలివితో సంబంధం లేదు, కంటికి అలవాటు లేదంతే. రోజూ పది నిమిషాలు పైకి చదవాలి, గొంతెత్తి, గదిలో ఒక్కరే ఉన్నా సరే. మొదటి వారం పిల్లల కథలు, రెండో వారం పేపర్లో జిల్లా వార్తలు, మూడో వారం సంభాషణలు ఎక్కువున్న కథలు. నెలలోపే కన్ను అక్షరాన్ని వదిలి మాటను పట్టుకోవడం మొదలుపెడుతుంది. అప్పటిదాకా సంపాదకీయాల జోలికి పోవద్దు, వాటి వాక్యాలు పొడవు.

మాండలికంలో రాసిన కథలకు కూడా ఇదే మందు. గుంటూరువాళ్లకు కళింగాంధ్ర కథ, శ్రీకాకుళం వాళ్లకు నల్లగొండ కథ మొదటి పేజీలో కొరుకుడు పడదు. కంటికి కొత్తగా ఉన్న మాట చెవికి తెలిసిపోతుంది. "గిట్ల", "ఒగ్గీ", "యాడికి" లాంటివి ఒకసారి పైకి అంటే అర్థం అదే వస్తుంది. మొదటి రెండు పేజీలు అలా దాటితే మిగతాది మౌనంగా సాగిపోతుంది.

ఒకే పేరా మూడుసార్లు చదువుతున్నామని గమనిస్తే కారణం వెతకండి. ఫోన్ చేతికందే దూరంలో ఉందా? బోర్లా పెట్టినా లాభం లేదు, వేరే గదిలో పెట్టాలి. నిద్ర వస్తోందా? పడుకుని చదివే రెండు పేజీలు నిద్రమాత్ర లాంటివి. నిద్రకు మంచివే, చదువు లెక్కలో వేసుకోకండి, అసలు చదువుకు కుర్చీ కావాలి. పేర్లు కలగాపులగం అవుతున్నాయా? పేజీ గుర్తుకు పెట్టుకున్న కాగితం మీదే "వెంకమ్మ, పెద్దాయన రెండో కోడలు" అని రాసుకుంటూ పోండి, బెంగాలీ, రష్యన్ అనువాదాలకు ఇది తప్పనిసరి. ఇవేవీ కాక అక్షరాలే మసకగా ఉండి పుస్తకం దూరం జరుపుతున్నారా? నలభై దాటితే అది చత్వారం. పుస్తకాల మీద ఇష్టం పోయిందనుకుని ఏళ్ల తరబడి మానేసినవాళ్లకు అద్దాలు పెట్టగానే ఇష్టం తిరిగొస్తుంది. ఫుట్‌పాత్ మీద దొరికే రెడీమేడ్ అద్దాలకంటే ముందు ఒకసారి కంటి పరీక్ష చేయించుకోవాలి, రెండు కళ్లకూ ఒకే పవరు ఉండాలని లేదు. దీపం వెనక నుంచి భుజం మీదుగా పేజీ మీద పడాలి.

గీతలు గీయడం మీద నాకు గురి లేదు. పేజీ అంతా గీసేశాక ఏది ముఖ్యమో మళ్లీ వెతుక్కోవాల్సిందే. దాని బదులు 20 నిమిషాలు అవగానే పుస్తకం మూసి, చూడకుండా రెండు వాక్యాలు రాయండి. ఏం చెప్పాడు, నాకు ఎక్కడ నచ్చలేదు, పక్కన పేజీ అంకె. రాయడానికి ఏమీ తోచకపోతే ఆ రోజు కళ్లు మాత్రమే నడిచాయని అర్థం.

పుస్తకాలకు డబ్బు లేదనేది కుదరదు. రెండు రాష్ట్రాల్లోనూ ఇంటి పన్ను మీద రూపాయికి 8 పైసల చొప్పున గ్రంథాలయ సెస్సు వసూలవుతోంది. సొంతిల్లు ఉంటే ఆ డబ్బు మీరు ఎలాగూ కడుతున్నారు, వెళ్లి సభ్యత్వం తీసుకోవడమే మిగిలింది. హైదరాబాద్ సుల్తాన్ బజార్‌లోని శ్రీకృష్ణదేవరాయాంధ్ర భాషానిలయం 1901 నుంచీ, వేటపాలెం సారస్వత నికేతనం 1918 నుంచీ ఉన్నాయి. పాత పత్రికలు కావాలనుకునేవాళ్లకు అలాంటివే గతి. కొనుక్కోవాలంటే ఆదివారం ఆబిడ్స్, కోఠి ఫుట్‌పాత్‌లున్నాయి. అక్కడ పాత పుస్తకం కొనేటప్పుడు చివరి పేజీలు ఉన్నాయో లేదో చూసుకోండి. ఆర్కైవ్ డాట్ ఆర్గ్‌లో దొరికే పాత పుస్తకాలు పేజీల ఫొటోలు, ఫోన్లో చదివితే కళ్లు లాగేస్తాయి, ట్యాబ్ ఉంటేనే వాటి జోలికి వెళ్లాలి.

రెండూ కలిపి రోజులో ఎక్కడ ఇరికించాలన్నది అసలు చిక్కు. నాలుగున్నరకు లేచి రెండూ పూర్తిచేస్తానని నిద్ర కోసుకున్నవాళ్లు పది రోజుల్లో రెండూ వదిలేస్తారు. ముందు పడుకునే వేళ అరగంట ముందుకు జరపాలి. పరుగున్న మూడు రోజులు పరుగు, స్నానం, టిఫిన్‌కు ముందు 20 నిమిషాల చదువు. పరుగు లేని రోజుల్లో అదే వేళకు చదువు కాస్త ఎక్కువ. వేళ మారకుండా ఉంటే నిర్ణయం తీసుకునే శ్రమ తప్పుతుంది. హైటెక్ సిటీలో అమెరికా వేళలకు పనిచేసి రాత్రి రెండింటికి పడుకునేవాళ్లకు ఈ తెల్లవారుజాము కబుర్లు పనికిరావు. వాళ్లు నిద్ర లేచాక, ఎండ తగ్గే వేళ షిఫ్టుకు ముందు పరిగెత్తడం మంచిది. తిన్న తర్వాత కనీసం రెండు గంటలు ఆగాలి.

ఈ రెండు అలవాట్లూ బతుకుతెరువుగా మారినవాళ్లు కూడా మన దగ్గర ఉన్నారు. చిక్కడపల్లి నగర కేంద్ర గ్రంథాలయంలో కానిస్టేబుల్, ఎస్సై పరీక్షలకు చదివే పిల్లలు పగలంతా కుర్చీలో, పొద్దున మైదానంలో ఉంటారు. తెలంగాణలో 2022 నోటిఫికేషన్ ప్రకారం మగవాళ్లు 1600 మీటర్లు 7 నిమిషాల 15 సెకన్లలో, ఆడవాళ్లు 800 మీటర్లు 5 నిమిషాల 20 సెకన్లలో ముగించాలి. 400 మీటర్ల ట్రాక్ మీద 1600 అంటే నాలుగు రౌండ్లు, రౌండుకు 1 నిమిషం 48 సెకన్లు. పోయేది మొదటి రౌండులోనే. గుంపుతో కలిసి 1:25కి తిరిగొచ్చి, మూడో రౌండులో కాళ్లు సీసం ముక్కలై, నాలుగోది నడుస్తారు. మొదటి రౌండు 1:46 నుంచి 1:50 మధ్య ఉండాలి, వెనకబడినట్టు అనిపించినా సరే. రోజూ 1600 పూర్తి వేగంతో పరిగెత్తి చూసుకోవడం ఇంకో తప్పు. వారంలో ఒక్కరోజు 400 మీటర్లు 1:45కి చొప్పున నాలుగైదు సార్లు, మధ్యలో రెండు నిమిషాల నడక, మిగతా రోజులు మాట్లాడగలిగే వేగంతో 30, 40 నిమిషాలు. మైదానం నుంచి రాగానే లెక్కలు, రీజనింగ్ ముందేసుకోకుండా తిని, గంట ఆగి కూర్చుంటే తల పనిచేస్తుంది.

మధ్యలో ఆగిపోవడం ఎలాగూ జరుగుతుంది. పెళ్లిళ్లు, పరీక్షలు, జ్వరాలు. వారం పోతే పరుగులో ఒక దశ వెనక్కి వెళ్లండి, నెల పోతే మొదటి నుంచి. జ్వరం తగ్గిన రోజే బూట్లు వేసుకోకూడదు, మందు లేకుండా రెండు రోజులు జ్వరం రాలేదని చూసుకుని ముందు నడక మొదలుపెట్టాలి. డెంగ్యూ అయితే డాక్టరు సరేననేదాకా ఆగాలి. చికున్‌గున్యా తర్వాత కీళ్ల నొప్పి వారాల తరబడి ఉండొచ్చు, నొప్పి ఉన్నంతకాలం పరుగు వద్దు. పుస్తకాన్ని మాత్రం మొదటి పేజీ నుంచి ఎత్తుకోకండి, సగానికి ఆగినవి మళ్లీ సగానికే ఆగుతాయి. ఆగిన చోటికి పది పేజీలు వెనక్కి వెళ్లి, మీరు రాసుకున్న ఆ రెండేసి వాక్యాలు చూసుకుని, అక్కడి నుంచి సాగించండి.